అన్ని ఊళ్ళకీ పక్కింటావిడ

మా పెద్దొదినగారిని టీవీలో మొదటిసారి చూసినప్పుడు మేమంతా కంచాల ముందున్నాం. మా ఆయన ముద్ద నోటిదాకా తెచ్చి ఆపేసి, "అది మా అక్క కదూ!" అన్నారు.

నిజమే, వాళ్ళక్కే. గుడివాడలో ఉండాల్సిన మనిషి బందరులో మా స్టూలు మీది పెట్టెలో కూర్చుని, రూపాయి కాసంత బొట్టుతో, కళ్ళు పెద్దవి చేసి మాట్లాడుతోంది. కింద అక్షరాలు పరిగెడుతున్నాయి. నేను అయిదో తరగతితో బడి మానేసినదాన్ని, కూడబలుక్కునేలోపు అవి వెళ్ళిపోయేవి. మా ఆయనే చదివారు, "హంతకుడి పొరుగింటి మహిళ" అని.

"హంతకుడెవరండీ?" అన్నాను.

"నీకు తెలిసినవాడే. అక్కావాళ్ళ వెనక వాటాలో ఉండేవాడు కాదూ, తోలుపెట్టె పట్టుకుని తిరిగేవాడు, మందుల కంపెనీ అని చెప్పేవాడు."

దసరాకి వెళ్ళినప్పుడు ఆ మనిషికి నా చేత్తో మంచినీళ్ళిచ్చాను. గ్లాసు కడిగి మరీ తిరిగిచ్చాడు. ఎక్కడో దూరం ఊళ్ళో పెళ్ళాన్ని చంపి, పేరు మార్చుకుని వచ్చి ఇక్కడ చేరాడట. భయం వేసిన మాట నిజమే గానీ, దానికంటే ముందు వేసింది ఆశ్చర్యం. చంపినవాడు కూడా గ్లాసు కడుగుతాడా అని.

రెండువేల సంవత్సరం దాటిన కొత్త అది. చానళ్ళు ఒకదాని వెనక ఒకటి పుడుతున్నాయి. ప్రతిదాంట్లోనూ నేరాల కార్యక్రమం ఒకటి, గొంతు కిందకి దించి భయపెట్టే మనిషొకడు. జనం అన్నం తింటూ చూసేవాళ్ళు. అన్నం తింటూ ఎందుకు చూస్తారో నాకిప్పటికీ తెలియదు. నేనూ అలాగే చూశాను మరి.

వదినగారు టీవీలోకి ఎలా వచ్చిందో తర్వాత ఆవిడే చెప్పింది. పోలీసులు వాణ్ణి పట్టుకెళ్ళిన మర్నాడు టీవీ వాళ్ళ జీపు సందులోకి వచ్చింది. అది చూడగానే సందులో తలుపులన్నీ మూసుకున్నాయి. మన వైపు అంతే కదా, పోలీసు, కోర్టు, పేపరు అంటే ఎవరికి వాళ్ళు ఇంట్లో లేనట్టే. వదినగారు మాత్రం తలుపు తీసి, "ఎండలో నిలబడ్డారేంటి, రండి, మజ్జిగ తాగుతారా?" అంది. అంతే. ఆవిడ భర్త బియ్యం మిల్లులో గుమాస్తా, మాట తక్కువ. ఇద్దరూ మాట్లాడాల్సిన మాటలు ఆవిడొక్కతే మాట్లాడేది. ఇంకో మనిషి వినడానికి వస్తే వదిలిపెట్టేరకం కాదు.

జీపులో వచ్చిన గడ్డం విలేకరి ఒకడు ఆవిడ చీరకి చిన్న మైకు గుచ్చి, "వాడెలాంటివాడు పిన్నిగారూ?" అని అడిగాడట.

"ఎంత పద్ధతైన మనిషండీ! ఉప్పు అప్పుకొస్తే చేతిలోంచి చేతికి తీసుకోడు. గిన్నె కింద పెడితేనే తీసుకునేవాడు. ఉప్పు చేతికిస్తే గొడవలొస్తాయంటారు కదా, ఆ పట్టింపు కూడా తెలిసినవాడు. మా ఎదురింటావిడైతే రోజూ కూర పంపేది. ఆవిడ వంకాయకూరంటే ప్రాణం పెట్టేవాడు."

విలేకరి ఎగిరి గంతేశాడట. ఉప్పు ముచ్చట అందరికీ నచ్చింది. వంకాయకూర ముచ్చట ఒక్కళ్ళకి నచ్చలేదు. ఎదురింటావిడ కూరల బజారుకి వెళ్తే, "ఏమండీ, వంకాయలు ఇంటికా, జైలుకా?" అన్నారట. ఆ సాయంత్రమే ఆవిడ వదినగారి వాకిట్లోకొచ్చి, "నా కూరగిన్నెని రాష్ట్రమంతా తిప్పావు. ఇంక నీ గుమ్మం నాకొద్దు, నా గుమ్మం నీకొద్దు" అని వెళ్ళిపోయింది. ఆ రోజునుంచి ఏళ్ళ తరబడి ఇద్దరికీ మాటల్లేవు. ముగ్గు పెట్టేటప్పుడు కూడా ఒకరు లోపలికెళ్ళాకే ఇంకొకరు బయటికొచ్చేవాళ్ళు.

కొన్నాళ్ళకి ఆ విలేకరి మళ్ళీ వచ్చాడు. బంటుమిల్లి దగ్గర ఒక ఊళ్ళో అన్నదమ్ముల గొడవలో తమ్ముడు పోయాడు. ఊరు ఊరంతా నోరు కట్టేసుకుంది. "పిన్నిగారూ, మీరొచ్చి రెండు మాటలు చెప్పండి, పక్కింటావిడలాగా" అన్నాడు.

"నాకేం తెలుసయ్యా ఆ ఊరి సంగతి?"

"తెలుసుకునే చెప్పండి."

వదినగారు వెళ్ళింది. ఇక్కడే ఆవిడ పద్ధతి మొదలైంది. నేరుగా కెమెరా ముందు కూర్చోలేదు. చనిపోయినవాడి ఇంటి చుట్టుపక్కల వంటిళ్ళలోకి వెళ్ళింది. ఒకచోట చింతపండు పిక్క తీసింది, ఒకచోట పసిబిడ్డకి నీళ్ళు పోసింది. టీవీ వాడికి చెప్పని మాటలన్నీ ఆడవాళ్ళు ఆవిడకి చెప్పారు. అప్పుడొచ్చి కెమెరా ముందు కూర్చుని, "మాది పక్కిల్లేనండి" అని మొదలుపెట్టి, వాళ్ళన్న మాటలు వాళ్ళన్నట్టే చెప్పింది. ఒక్క ముక్క కలపలేదు, ఒక్కటి మింగలేదు.

అక్కణ్ణించి ఇంక ఆగలేదు. గూడూరులో పక్కింటావిడ, చల్లపల్లిలో ఎదురింటావిడ, అవనిగడ్డలో వెనకింటావిడ. చీర మారేది, బొట్టు మారేది, మనిషి మారేది కాదు. బస్సుల్లో గుర్తుపట్టేవాళ్ళు. ఒక కండక్టరయితే, "మీరెక్కితే గుండె దడండీ, ఏ ఊళ్ళో దిగుతారో ఆ ఊళ్ళో ఎవరో పోయినట్టే" అన్నాడు. ఇచ్చేది బస్సు ఖర్చు, భోజనం. దానికోసం వెళ్ళలేదావిడ. వినడానికి వెళ్ళేది.

ఒకసారి నేనూ వెంట వెళ్ళాను, చూడాలని మనసు పీకి. నాగాయలంక దాటి, దివిసీమ కొసన సముద్రం మీద బతికే ఊరు. ఒక మనిషి వలల గొడవలో దెబ్బతిని పోయాడు. మేము వెళ్ళేసరికి టీవీ వాళ్ళు ఆ హత్యని కెమెరా కోసం వేషాలేసి మళ్ళీ ఆడిస్తున్నారు. నెత్తురు కోసం ఒకామె పసుపులో సున్నం కలుపుతోంది, మనం హారతి పళ్ళెంలో కలిపేదే. చచ్చిపోవాల్సినవాడు బీడీ కాలుస్తూ, "అన్నా, ఇటు పడనా, అటు పడనా? ఇటైతే చీమలున్నాయి" అని అడుగుతున్నాడు. నాకు నవ్వాగలేదు. అంతలో చూస్తే నిజంగా పోయినవాడి అక్క పాక నీడలో నిలబడి చూస్తోంది. నేను కొంగు నోటికడ్డం పెట్టుకుని పక్కకి తప్పుకున్నాను.

వదినగారు మాత్రం కెమెరా వైపు చూడనే లేదు. ఇసకలో ఎండబెట్టిన చేపలు తిరగేస్తున్న ఆడవాళ్ళ దగ్గరికెళ్ళి తనూ కూర్చుని తిరగేయడం మొదలుపెట్టింది. వాళ్ళు మొదట పలకలేదు. ఒకామె, "చీర కంపు కొడుద్దమ్మా" అంది. "కొట్టనీ, ఉతుక్కుంటాను" అంది వదినగారు. అలా పొద్దు వాలేదాకా కూర్చుంది. చేపలు పట్టడానికెళ్ళడాన్ని వాళ్ళు వేటకెళ్ళడం అంటారు. ఆ మాట కూడా నేర్చుకుని, "వేటకెళ్ళొచ్చి వల ఆరేసుకుంటున్నాడండి, అప్పుడొచ్చారు" అని చెప్పింది.

తిరుగు బస్సులో అడిగాను. "వదినా, మీది గుడివాడ. మాది పక్కిల్లంటారు. తప్పు కాదూ?"

ఆవిడకి కోపం రాలేదు. "పిచ్చిదానా, నాకు చెప్పిన పిల్ల మొహం టీవీలో చూపిస్తే రేపు ఆ ఊళ్ళో బతకనిస్తారా? మాట దానిది, మొహం నాది. ఒక్క పక్కిల్లనే మాటే అబద్ధం. కూరలో ఉప్పంత."

"ఉప్పెక్కువైతే కూరంతా పారెయ్యాలిగా?"

"నువ్వు కూడా విలేకరివైపోయావే!" అని నెత్తిన మొట్టింది.

ఆ పక్కిల్లే ఒకరోజు నిజంగా ఆవిడ మీద పడింది.

వదినగారి సందు చివర ఒక ముసలావిడ ఒంటరిగా ఉండేది, అందరూ మామ్మగారనేవాళ్ళు. ఆవకాయల రోజుల్లో, మిట్టమధ్యాహ్నం, ఎవరో లోపలికెళ్ళి ఆవిణ్ణి తలమీద కొట్టి మెళ్ళో గొలుసు తెంపుకుపోయారు. ప్రాణం దక్కింది గానీ మనిషికి మాట తడబడిపోయింది, ఎవరొచ్చారో చెప్పలేకపోయింది. మామ్మగారి బంధువులు, రోజూ ఆవిణ్ణి గుడికి తీసుకెళ్ళే రిక్షా అతని మీద అనుమానమని కేసు పెట్టారు. వెతికితే అతని రిక్షా సీటు కింద బరువైన కత్తి దొరికింది.

కత్తెందుకుండదు? ఏడాదంతా రిక్షా తొక్కినా, మామిడికాయల రోజుల్లో అతనే ఆ వీధులన్నిటికీ ఆవకాయ ముక్కలు కొట్టేవాడు. టెంకతో సహా ఒక్క వేటుకి రెండు చెక్కలు చెయ్యాలంటే కూరగాయల కత్తిపీట చాలుతుందా? ఆ సంగతి ఆవకాయ పెట్టే ప్రతి ఇంటికీ తెలుసు. ఆ రోజు పొద్దున వదినగారి కాయలు కొట్టి, రోడ్డు దాటి ఎదురింటి అరుగు మీద కూర్చున్నాడు. ఆ అరుగు మీద ఉండగానే సందు చివర కేకలు వినపడ్డాయి. వదినగారు కిటికీలోంచి చూస్తూనే ఉంది.

బెయిలు మీద బయటికైతే వచ్చాడు గానీ, అతని బండి ఎవరూ ఎక్కడం లేదు. పెళ్ళాం ఇళ్ళల్లో అంట్లు తోమేది, ఆవిణ్ణీ మాన్పించారు. కేసు నిలబడితే ఏళ్ళకేళ్ళు జైలు. అతని వకీలు సాక్ష్యం కోసం సందంతా తిరిగాడు. మళ్ళీ తలుపులన్నీ మూసుకున్నాయి. ఎదురింట్లో అయితే ఆవిడ భర్తే గుమ్మంలో నిలబడి, "మాకేం తెలీదండీ, కోర్టులూ అవీ మాకు గిట్టవు" అన్నాడు. తలుపు తీసింది వదినగారొక్కతే.

కేసు బందరులో. సాక్ష్యానికొచ్చి మా ఇంట్లోనే దిగింది. పొద్దున్నే జరీ అంచు చీర కట్టుకుంది. టీవీకి వెళ్ళడం అలవాటైన మనిషి, బెరుకు లేదు. నేనూ వెళ్ళి వెనక బల్ల మీద కూర్చున్నాను. చూసింది చూసినట్టు చెప్పింది. అప్పుడు సర్కారు వకీలు లేచాడు. గట్టిగా కూడా మాట్లాడలేదు.

"అమ్మా, మీ ఇల్లెక్కడ?"

"గుడివాడండి."

"బంటుమిల్లి దగ్గర మీకు ఇల్లుందా?"

"లేదండి."

"అక్కడ హత్యలో, మాది పక్కిల్లేనండి అని మీరు టీవీలో చెప్పారు. చల్లపల్లిలోనూ చెప్పారు. దివిసీమలోనూ చెప్పారు. ఎన్ని ఊళ్ళలో పక్కిళ్ళున్నాయమ్మా మీకు?"

కోర్టులో ఎవరో కిసుక్కుమన్నారు. వదినగారు జరీ అంచు సర్దుకుంది.

"అవి వాళ్ళ మాటలండి. వాళ్ళు చెప్పుకోలేక నాతో చెప్పించారు."

"ఇదీ ఎవరైనా చెప్పించారా?"

"లేదండీ! ఇది నేను చూశాను. ఎదురింటి అరుగు మీదే ఉన్నాడు."

"ఆ అరుగు మీ ఇంటిదా?"

"కాదండి."

"మరి ఆ అరుగు గలావిడ రాలేదేం?"

రిక్షా అతను బోనులో తల దించుకుని నిలబడి ఉన్నాడు. వదినగారు అతని వైపు చూసింది, మళ్ళీ చూడలేకపోయింది.

ఇంటికొచ్చాక అన్నం తినలేదు. "ఇన్నాళ్ళూ ఎవరెవరి మాటో నా నోటితో చెప్పాను, అందరూ నమ్మారు. ఇవాళ నా కళ్ళతో చూసింది చెప్తే నమ్మలేదే" అంది. ఏడవలేదు. అదేదో అర్థం కాని లెక్కలాగా పదే పదే అదే అంది. ఇదంతా విని మా ఆయన, "వకీలు దారి చూపించాడుగా అక్కా. అరుగు గలావిడ" అన్నారు.

"అది నా మొహమే చూడదురా."

మర్నాడు ఆవిడ వెంట నేనూ గుడివాడ వెళ్ళాను, ఆగలేక. రోడ్డు దాటి ఎదురింటి గేటు దగ్గర నిలబడ్డాం. ఎదురింటావిడ బియ్యం ఏరుతూ తలెత్తకుండానే అంది.

"మైకెక్కడ పెట్టావు? కొంగులోనా?"

"మైకు లేదొదినా. వాడు జైలుకి పోతాడు."

"నీ నోరు ఊళ్ళన్నీ తిరిగిందిగా, చాల్లేదా?"

"చాల్లేదు. నా నోరు పనికిరాదన్నారు. నీ అరుగు, నీ మాటే కావాలంట."

"నా వంకాయకూర చెప్పినప్పుడు నన్నడిగావా?"

"అడగలేదు."

వదినగారు సర్దిచెప్పుకోలేదు, ఏడవలేదు. ఎదురింటావిడ చేట దులిపి లోపలికెళ్ళి తలుపేసుకుంది.

మళ్ళీ వాయిదా నాడు నేను బందరు స్టేషన్‌కెళ్ళి నిలబడ్డాను. గుడివాడ పాసింజరు ఆగింది. వదినగారు ఒక పెట్టెలోంచి దిగింది. నాలుగు పెట్టెల అవతల ఎదురింటావిడ దిగింది, చేతిలో కొబ్బరికాయల సంచీతో. వదినగారు కొయ్యబారిపోయింది. ఆవిడ మా పక్కనించే పోతూ, నాకొక్కదానికే చెప్తున్నట్టు, "అమ్మాయ్, చిలకలపూడి పాండురంగడి గుడికని మా ఆయనకి చెప్పొచ్చా. ముందు కోర్టెక్కడో చూపించు" అంది.

ఎదురింటావిడ బోనెక్కి కొంగు దోపుకుంది.

"కేకలు వినపడేటప్పటికి నా కాయలు సగం కూడా కాలేదండి. వీడు కత్తి నా అరుగు మీదే పడేసి, అందరికంటే ముందు వీడే పరిగెత్తాడు. అది నా కాళ్ళ దగ్గరే ఉంది, చంటిపిల్లలుంటారని నేనే ఎత్తి కిటికీలో పెట్టాను. వాడు తిరిగొచ్చేసరికి ముక్కలు నల్లబడతాయని మా ఆయన అదే కత్తితో కొట్టబోయి వేలు తెగ్గోసుకున్నాడు. డాక్టరు కుట్లేశాడు, అడగండి. ఇప్పటికీ వంకరే."

సర్కారు వకీలు లేచి, "ఆ టీవీ ఆవిడ మీకు బాగా స్నేహం కదూ? ఆవిడ రమ్మంటే వచ్చారు" అన్నాడు.

"స్నేహమా!" ఎదురింటావిడ బోను కర్ర పట్టుకుని ముందుకి వంగింది. "దాని నీడ నా ముగ్గు మీద పడితే కడుక్కుంటానండి. నా కూరని హంతకుడికి అంటగట్టిన మనిషి. దానికోసం కాదు నేనొచ్చింది. దాన్నే అడగండి, మాకు మాటలున్నాయేమో."

అందరూ నవ్వారు. జడ్జిగారు కూడా కాగితాల్లోకి వంగిపోయారు. వదినగారొక్కతే నవ్వలేదు, కొంగుతో కళ్ళొత్తుకుంటూ కూర్చుంది.

తీర్పుకి ముందే విలేకరి ఫోన్ చేశాడు, కోడూరు దాకా రమ్మని. వదినగారు వస్తానంది గానీ, "గుడివాడ నించి వచ్చాను, వీళ్ళు చెప్పింది చెప్తున్నాను, అంటాను. మాది పక్కిల్లనను" అంది. అలాగైతే ఎవరూ చూడరు పిన్నిగారూ అన్నాడట. మళ్ళీ పిలవలేదు. మామ్మగారి గొలుసు తెంపిందెవరో ఈ రోజుకీ తెలియదు.

తీర్పు రోజున రిక్షా అతన్ని నిర్దోషి అని వదిలేశారు. ఆవేళ కూడా ఎదురింటావిడ పాండురంగడి దర్శనానికే వచ్చింది, ఈసారి దర్శనం కూడా చేసుకుంది. అందరం సాయంత్రం బండిలో గుడివాడ వెళ్ళాం. ఏం జరుగుతుందో చూడకుండా నేను బందరులో ఎలా ఉంటాను?

స్టేషన్ బయట అతని రిక్షా దుమ్ము కొట్టుకుని ఉంది. భుజం మీది తువ్వాలుతో సీటు తుడిచి, పిలవడానికి ధైర్యం చాలక పక్కకి నిలబడ్డాడు. స్టాండులో మిగతావాళ్ళు చూస్తున్నారు. రైలు దిగినవాళ్ళు అతన్ని దాటుకుని వేరే బళ్ళు ఎక్కుతున్నారు. ముందు ఎదురింటావిడ వెళ్ళి ఎక్కింది. ఒక చివరకి జరిగి, తల అటు తిప్పుకుని కూర్చుంది. వదినగారు కింద నిలబడి చెప్పులు చూసుకుంటోంది.

"ఎక్కండమ్మగారూ" అన్నాడు అతను, ఎవరినని అనకుండా.

వదినగారు ఎక్కింది. నన్ను కాళ్ళ దగ్గర పలక మీద కూర్చోబెట్టారు. బజారు వీధి మధ్య నుంచే పోనిమ్మంది ఎదురింటావిడ. దగ్గరదారి వేరే ఉందని నాకూ తెలుసు. కూరలవాళ్ళూ కొట్లవాళ్ళూ అందరూ తలలెత్తి చూశారు. అతను గంట కొడుతూ మెల్లగా తొక్కుతున్నాడు.

వంతెన దగ్గర గతుకులో చక్రం పడి ఇద్దరూ ఒకరిమీదొకరు ఒరిగారు.

"కాస్త జరుగు, నా చీర నలుగుద్ది" అంది ఎదురింటావిడ.

వదినగారు జరిగింది. తర్వాత ఇల్లొచ్చేదాకా ఇద్దరూ మాట్లాడలేదు. నాకు తెలిసి వదినగారు అంతసేపు నోరు మూసుకుని కూర్చోవడం అదే.